మా అన్న సౌదీలో గొర్ల దగ్గర ఇరుక్కుపోయాడు, ఎడారి దాటి పారిపోతానంటున్నాడు. ఏం చెప్పాలి?

కోస్గి చెల్లె:

అందరికీ నమస్కారం. మాది కోస్గి దగ్గర పల్లె. మా పెద్దన్న నాలుగు నెలల కింద సౌదీకి పోయాడు. ఇంటి డ్రైవర్ పని అని ఏజెంటు చెప్పాడు. లక్షా ఇరవై వేలు కట్టాం. అందులో ఎనభై వేలు మూడు రూపాయల వడ్డీకి తెచ్చినవే. రియాద్‌లో దిగిన రోజే కఫీల్, అంటే వీసా ఇచ్చిన యజమాని, బండిలో ఎక్కించుకుని ఐదారు గంటలు తీసుకుపోయి ఒక రేకుల షెడ్డు దగ్గర దింపాడట. రెండు వందల గొర్లు, ఇరవై దాకా ఒంటెలు. మాట్లాడడానికి ఇంకో మనిషి లేడు. పాస్‌పోర్టు, ఇకామా (అక్కడ ఉండడానికి ఇచ్చే గుర్తింపు కార్డు) రెండూ కఫీల్ దగ్గరే ఉన్నాయి. రెండు నెలల జీతం ఇచ్చి ఆపేశాడు.

అన్న దగ్గర ఫోన్ ఉంది, షెడ్డు మీద చిన్న సోలార్ పలక ఉంది కాబట్టి చార్జింగ్‌కు ఇబ్బంది లేదు. సిగ్నలే ఉండదు. నీళ్ల ట్యాంకు మీదికి ఎక్కి నిలబడితే ఒక్కోసారి వాట్సాప్ మెసేజ్ పోతుందట. మొన్న ఆదివారం రాత్రి ఒక వాయిస్ మెసేజ్ వచ్చింది. "రాత్రిపూట దూరంగా ఒక ఎర్ర లైటు కనిపిస్తుంది. అక్కడ రోడ్డు ఉండే ఉంటుంది. రెండు బాటిళ్ల నీళ్లు పట్టుకుని ఆ లైటు చూసుకుంటూ పోతా. ఇక్కడ ఉంటే పిచ్చెక్కి చస్తా" అన్నాడు.

వదిన ఆ మెసేజ్ విన్నప్పటి నుంచి సరిగ్గా అన్నం తినడం లేదు. అమ్మకు ఇంకా చెప్పలేదు. ఇప్పుడు జూన్ నెల, అక్కడ ఎండ ఎట్లుంటదో తలుచుకుంటేనే టెన్షన్‌గా ఉంది. ఇట్లాంటి చోటు నుంచి బయటపడి వచ్చినవాళ్లు ఎవరైనా ఉంటే చెప్పండి. పొమ్మనాలా, ఆగమనాలా?

నల్గొండ కుర్రోడు:

అక్కా, మా దోస్తు వాళ్ల మామ ఇట్లనే పారిపోయి వచ్చాడు. ధైర్యంగా పొమ్మను. పగలు పడుకోవాలి, రాత్రి నడవాలి. నీళ్లు గుక్కెడు గుక్కెడు పొదుపుగా తాగాలి. మరీ అయిపోతే సొంత మూత్రం తాగి కూడా బతికినవాళ్లు ఉన్నారట.

మక్తల్ కాపరి:

చెల్లె, ముందు మీ అన్నకు ఒక మెసేజ్ పెట్టు. "నడవొద్దు. ఆ ఎర్ర లైటు వైపు అస్సలు పోవద్దు" అని. ఇప్పుడు అందకపోయినా ఆయన ట్యాంకు ఎక్కినప్పుడు అందుతుంది. పెట్టినాక మిగతాది చదువు.

నేను 2011 మార్చిలో పోయిన. మాది మక్తల్ దగ్గర కృష్ణ ఒడ్డు ఊరు. పుట్టిందే గొర్ల మందలో. ఎండాకాలం మందను తోలుకుని నది పొంటి వలస పోవడం చిన్నప్పటి నుంచి అలవాటు. తోట పని అని వీసా ఇచ్చిండ్రు. తీరా గొర్ల దగ్గరికే తీసుకుపోయినా పెద్దగా భయపడలేదు. గొర్లు నాకు కొత్త కాదు, ఎండ కొత్త కాదు అనుకున్న. అక్కడి గొర్లు నల్లటి ఒళ్లు, తెల్లటి తల, దూడలంత ఎత్తు. కుబ్బూస్ అనే అరబ్బీ రొట్టెలు, బియ్యం, టమాటలు పది రోజులకోసారి వచ్చేవి. నీళ్ల ట్యాంకర్ వారానికోసారి. అవే నీళ్లు గొర్లకు, అవే మాకు. నాతోపాటు ఒక సూడాన్ పెద్దమనిషి ఉండేవాడు. వెయ్యి రియాళ్లు అని చెప్పి ఆరు వందలు ఇచ్చిండ్రు, నాలుగో నెల నుంచి అదీ లేదు.

జులైలో మొదటిసారి పారిపోయిన. ఆ సూడాన్ ఆయనకు కూడా చెప్పలేదు. తెల్లవారుజామున ఆయన నమాజుకు లేచేలోపే రెండు లీటర్ల బాటిళ్లు రెండు సంచిలో వేసుకుని బయలుదేరిన. మా మందల వెంట రోజుకు ఇరవై కిలోమీటర్లు నడిచినవాడిని, ఒక పూటలో రోడ్డు ఎక్కుతా అనుకున్న. తొమ్మిదింటికి ఒక బాటిల్ అయిపోయింది. పదకొండుకు రెండోదాంట్లో సగం. ఇసుకలో కాలు దిగబడుతుంటే రెండు అడుగులు వేసినా ఒకటే అడుగు ముందుకు పోయినట్టుంటది. గాలి మన ఊరి వడగాలి లాంటిది కాదు. పొయ్యి ముందు కూర్చుని ఊదుతుంటే మొహానికి తగిలే సెగ, అది నాలుగు దిక్కుల నుంచి వస్తే ఎట్లుంటదో అట్ల.

పన్నెండు దాటినాక ఉమ్మి జిగురు లెక్క అయింది. నాలుక అంగిటికి అంటుకుంది. మూత్రం టీ డికాషన్ రంగులో రెండు చుక్కలు వచ్చింది, మంట. పిక్కలు పట్టేసినయి. అప్పుడు మా ఊరి బోరు మోటారు చప్పుడు వినిపించింది చెల్లె. కాలువలో నీళ్లు పడుతున్న చప్పుడు స్పష్టంగా వినిపించింది. ఆ చప్పుడు వైపు తిరిగి కొంత దూరం నడిచిన కూడా. అది ఏ దిక్కో నాకు ఇప్పటికీ తెలియదు.

నన్ను బతికించింది ఒక పాత లారీ టైరు. సగం ఇసుకలో కూరుకుపోయి ఉంది. దాని నీడ నా నడుము దాకానే వచ్చేది. పైన ఇసుక కాలుతుంటే చేతులతో మోచెయ్యి లోతు తవ్విన. లోపల కొంచెం నయం. తలకు, మొహానికి తువ్వాల చుట్టుకుని అందులో పడుకున్న. సాయంత్రం సూడాన్ ఆయన నా అడుగులు పట్టుకుని ఒంటె మీద వచ్చిండు. గాలికి అడుగులు చెరిగిపోయిన చోట వంగి వంగి వెతుక్కుంటూ వచ్చిండట. నీళ్లు నోట్లో ఒక్కసారే పొయ్యలేదు. తువ్వాల తడిపి పెదాల మీద పెట్టి, మెల్లగా తాగించిండు. కఫీల్‌కు ఒక్క మాట చెప్పలేదు. ఆయన పేరు తలుచుకోని రోజు లేదు నాకు.

తర్వాత ఆయనే అన్నీ నేర్పిండు. ఎర్ర లైటు సంగతి కూడా. టవర్ మీద ఎత్తులో ఉండే లైటు చదును నేల మీద ముప్పై కిలోమీటర్ల నుంచి కూడా కనిపిస్తుంది. రాత్రి చూస్తే పక్క ఊరి దీపం లెక్క ఉంటది. ఎంత నడిచినా అంతే దూరంలో ఉంటది. తెల్లవారితే అది కనిపించదు, నువ్వు ఎటు పోతున్నావో తెలియదు. అందుకే ఆ లైటు వైపు పోవద్దంటున్న. ఆయన చెప్పింది ఒకటే: నీళ్ల ట్యాంకర్ ఎక్కడి నుంచో రావాలి కదా, దాని టైర్ల జాడ రోడ్డుకే పోతుంది. జాడ వదిలితే చస్తావు అన్నడు.

2012 జనవరి దాకా ఆగిన. ఆరు నెలలు. వెన్నెల రాత్రులు చూసుకుని, ఐదు లీటర్ల డబ్బాలు రెండు తీసుకుని, వాటికి గోనె సంచి చుట్టి తడిపి, పది కుబ్బూస్‌లు, ఖర్జూరాలు కట్టుకుని ట్యాంకర్ జాడ మీద నడిచిన. ఆయన తన గొర్రెతోలు కోటు నాకిచ్చిండు. ఎడారి చలి మన గొంగడికి ఆగేది కాదు, వేళ్లు కొంకర్లు పోయినయి. పగలు ఒక ముళ్లపొద కింద పడుకున్న. రెండో రాత్రి తెల్లవారుజామున లారీల లైట్లు కదలడం కనిపించింది. ఒక పఠాన్ ట్రాలీ డ్రైవర్ ఆపిండు. పారిపోయిన మనిషిని బండిలో ఎక్కించుకోవడం అక్కడ నేరం. ఆయనకు ఆ సంగతి తెలుసు, అయినా ఎక్కించుకుని ఫ్లాస్కులో చాయ్ పోసి ఇచ్చిండు. రియాద్‌లో బత్హా దగ్గర మనవాళ్ల రూముల్లో ఏడాదిన్నర కల్లివల్లిగా, అంటే కాగితాలు లేకుండా, మేస్త్రీల దగ్గర పని చేసిన. 2013లో సౌదీ ప్రభుత్వం కాగితాలు లేనివాళ్లకు నవంబర్ 3 దాకా గడువు ఇచ్చింది చూడు, అప్పుడు ఎంబసీలో ఔట్‌పాస్ (పాస్‌పోర్టు లేనివాళ్లు ఇంటికి రావడానికి ఇచ్చే కాగితం) తీసుకుని వచ్చిన.

నేను బతికింది చలికాలం కాబట్టి, జాడ తెలుసు కాబట్టి, పది లీటర్లు ఉన్నయి కాబట్టి, ఎవరో ఒకరు ఆపారు కాబట్టి. ఇందులో ఏ ఒక్కటి లేకపోయినా ఈ మాటలు రాసేవాడిని కాదు. మీ అన్నకు జూన్‌లో రెండు బాటిళ్లతో ఇవేవీ లేవు.

మా కాలంలో లేనిది ఒకటి ఆయన దగ్గర ఉంది. ఫోన్. సిగ్నల్ లేకపోయినా జీపీఎస్ పనిచేస్తుంది. ఫోన్‌లో మ్యాప్ తెరిచి, తను ఉన్న చోట నీలం చుక్క మీద వేలు నొక్కి పట్టుకుంటే రెండు వరుసల అంకెలు వస్తయి. ఇరవై నాలుగు చుక్క ఇంత, నలభై ఆరు చుక్క ఇంత అని. చుక్క తర్వాత కనీసం నాలుగు అంకెలు రాసుకోమను. అవి ఉంటే పది మీటర్ల తేడాలో మనిషి దొరుకుతాడు. అవి కాగితం మీద రాసుకుని, ట్యాంకు ఎక్కి చదివి వాయిస్ పెట్టమను. ఫొటోలు, వీడియోలు పోకపోవచ్చు, అంకెలు పోతయి.

ఇంకో మాట. అప్పు సంగతి మేం చూసుకుంటాం అని మీ వదినతోనే చెప్పించు. నేను ఆరు నెలలు ఆగింది చలి కోసమే కాదు, ఊరికి పోతే అప్పులోళ్లకు మొహం ఎట్ల చూపించాలని. అందరం అక్కడే ఆగిపోతాం.

మిర్యాలగూడ మాస్టారు:

అమ్మా, నేను జువాలజీ చెప్తాను. కాపరి గారు చెప్పిన ప్రతి లక్షణం శరీరంలో నీళ్లు తగ్గేకొద్దీ వరుసగా వచ్చేదే. పైన తమ్ముడు మంచి మనసుతోనే రాశాడు కానీ రెండు సంగతులు సరిచేయాలి, ఎవరైనా నమ్మితే ప్రాణం పోతుంది.

నీళ్లు గుక్కెడు చొప్పున దాచుకోవడం వల్ల ఆయుష్షు పెరగదు. రెండో ప్రపంచ యుద్ధం రోజుల్లో అమెరికాలో అడాల్ఫ్ అనే శరీరధర్మ శాస్త్రవేత్త, ఆయన బృందం కాలిఫోర్నియా ఎడారిలో సైనికుల మీద దీన్ని పరీక్షించారు. 1947లో ఆ ఫలితాలు అచ్చయ్యాయి. బాటిల్లో ఉన్న నీళ్లు, కడుపులో ఉన్న నీళ్లు రెండూ ఒకటే. దాచుకోవాల్సింది చెమట. ఎండలో నడిచే మనిషికి గంటకు లీటరు దాకా చెమట పోతుంది. పగటి ఎండ 49 డిగ్రీలు ఉండే చోట, నీళ్లు లేకుండా నీడలో కదలకుండా ఉంటే సుమారు 2 రోజులు. అదే చోట రాత్రిపూట నడిచి పగలు పడుకున్నా 1 రోజే. చేతిలో నాలుగు లీటర్లు ఉన్నా, నీడలో కదలకుండా ఉన్న మనిషికి కలిసొచ్చేది మరో పూట మాత్రమే. ఈ అంకెలు మీ అన్నయ్యకు చదివి వినిపించండి. చొక్కా విప్పకూడదు, ఒళ్లంతా కప్పుకోవాలి. నీళ్లు లేనప్పుడు తిండి కూడా తినకూడదు, అరగడానికి నీళ్లు కావాలి. మూత్రంలో ఉప్పు ఉంటుంది, దాన్ని బయటికి పంపడానికి మూత్రపిండాలు ఇంకా నీళ్లు లాగుతాయి. అది తాగకూడదు.

నీళ్లున్న చోటు వదిలితే ఏమవుతుందో చెప్పడానికి నేను క్లాసులో ఒక సంగతి చెబుతుంటాను. 1943 ఏప్రిల్‌లో ఒక అమెరికా బాంబర్ విమానం ఇటలీ మీదికి పోయి తిరిగి వస్తూ, రాత్రి దారి తప్పి, లిబియా తీరంలో ఉన్న తమ స్థావరాన్ని దాటి ఎడారి లోపలికి వెళ్లిపోయింది. తొమ్మిది మంది పారాచూట్లతో దూకారు. ఒకరు దిగేటప్పుడే చనిపోయారు. మిగిలిన ఎనిమిది మంది సముద్రం దగ్గర్లోనే ఉందనుకుని ఉత్తరానికి నడిచారు. నిజానికి సముద్రం వందల కిలోమీటర్ల దూరం. వాళ్లందరికీ కలిపి సైనికులు వాడే నీళ్ల సీసాలో సగం నీళ్లు. ఎనిమిది రోజులు నడిచారు, వంద కిలోమీటర్లకు పైగా. ఒక్కరూ బతకలేదు. వాళ్లు దిగిన చోటుకు పాతిక కిలోమీటర్ల దూరంలో, వాళ్లు నడిచిన దిక్కుకు వెనకవైపు, విమానం పెద్దగా దెబ్బతినకుండా పడి ఉంది. దాంట్లో నీళ్లు, కొంత తిండి, పనిచేసే రేడియో ఉన్నాయి. వాళ్లు నడుస్తూ రాసుకున్న డైరీలు 1960లో దొరికాయి.

మీ అన్నయ్య దగ్గర నీళ్ల ట్యాంకు ఉంది. దాని పక్కన ఉన్నంతకాలం ఆయన బతికే ఉంటాడు.

దేవరకొండ అక్క:

చెల్లీ, మాది దేవరకొండ దగ్గర తండా. మా ఆయన కూడా గొర్ల దగ్గరే ఇరుక్కుపోయి 2019లో వచ్చాడు. నేను చదివింది పదో తరగతి. అన్ని కాగితాలూ నేనే తిరిగి పెట్టిన కాబట్టి చెప్తున్న, భయపడకు.

మొదట ఇంట్లో ఉన్నవన్నీ ఒక కవర్లో పెట్టు. పాస్‌పోర్టు జిరాక్సు, వీసా కాగితం, టికెట్టు, ఏజెంటుకు డబ్బులు పంపిన ఫోన్‌పే స్క్రీన్‌షాట్లు. వీసా కాగితం మీద అరబ్బీలో కఫీల్ పేరు, ఐడీ నంబరు ఉంటయి. అది చాలా ముఖ్యం. మాకు అరబ్బీ రాదు, మా దగ్గరి మసీదులో మౌలానా సాబ్ చదివి తెలుగులో రాసిచ్చిండు. తర్వాత మదద్ పోర్టల్‌లో ఫిర్యాదు పెట్టు. విదేశాంగ శాఖది. ఇంటివాళ్లం ఇక్కడి నుంచే పెట్టొచ్చు, అది నేరుగా రియాద్ ఎంబసీకి పోతుంది. అన్న చెప్పిన ఆ అంకెలు అందులో తప్పకుండా రాయి. మా ఫిర్యాదు ఎక్కడున్నాడో తెలియక రెండు నెలలు ఆగిపోయింది. "రియాద్ నుంచి ఐదు గంటలు" అంటే ఎవరు మాత్రం ఎక్కడ వెతుకుతారు?

హైదరాబాద్‌లో ప్రొటెక్టర్ ఆఫ్ ఎమిగ్రెంట్స్ (విదేశాలకు పనికి పోయేవాళ్ల కోసం కేంద్రం పెట్టిన అధికారి) ఆఫీసులో ఒక కాపీ ఇవ్వు. ప్రజాభవన్‌లో మంగళవారం, శుక్రవారం ప్రజావాణి జరుగుతుంది, అక్కడ గల్ఫ్ వాళ్ల కోసం వేరే కౌంటర్ ఉంది, ఒక దరఖాస్తు అక్కడ కూడా పెట్టు. రసీదు తీసుకోకుండా ఎక్కడి నుంచీ లేవకు.

ఏజెంటు మీద పోలీస్ స్టేషన్‌లో రాసివ్వు. రిజిస్టర్ అయిన ఏజెంటు కూడా చట్టప్రకారం తీసుకోగలిగేది 30,000 రూపాయలు, దాని మీద జీఎస్టీ. మీ దగ్గర లక్షా ఇరవై తీసుకున్నాడు. మేం రాసిచ్చినాకే మా ఏజెంటు దారికొచ్చిండు, అక్కడ కఫీల్‌తో మాట్లాడిందీ వాడే.

పారిపోతే ఏమవుతుందో కూడా అన్నకు తెలియాలి. కఫీల్ "హురూబ్" రాయిస్తాడు, అంటే పని వదిలి పారిపోయాడని రిపోర్టు. ఇకామా చెల్లదు, దొరికితే తర్హీల్‌లో, అంటే దేశం నుంచి పంపేసేవాళ్లను ఉంచే జైలులో, పెడతరు. సౌదీలో 2021 మార్చి నుంచి కఫీల్ ఒప్పుకోకపోయినా వేరే పనికి మారొచ్చని కొత్త పద్ధతి తెచ్చిండ్రు, కానీ గొర్ల కాపరులకు, ఇంటి డ్రైవర్లకు, తోట పనివాళ్లకు అది వర్తించకుండా వదిలేసిండ్రు. అందుకే ఎంబసీ చెవిన ముందే పడాలి. ప్రాణం మీదికి వస్తే మాత్రం ఇవేవీ చూడొద్దు. సిగ్నల్ ఉన్న చోట పోలీసుకు 999 (రియాద్ ప్రాంతంలో అయితే 911), అంబులెన్సుకు 997. కొట్టినా, నీళ్లు బంద్ చేసినా వెంటనే ఫోన్ కొట్టమను.

కోస్గి చెల్లె:

అందరికీ చేతులెత్తి దండం పెడుతున్న. మూడు రోజులు సప్పుడు లేకపోయేసరికి మా పని అయిపోయిందనుకున్నాం. నిన్న రాత్రి పదకొండున్నరకు అన్న ట్యాంకు ఎక్కాడు. నా మెసేజ్‌లన్నీ ఒక్కసారే అందాయట. అంకెలు చదివి వాయిస్ పెట్టాడు, గాలి చప్పుడుకు సరిగ్గా వినపడక వదిన పదిసార్లు విని రాసుకుంది. మ్యాప్‌లో కొట్టి చూస్తే ఒక చిన్న తెల్ల చుక్క, దాని పక్కన నల్లటి నీడ. అదే షెడ్డు. వదిన ఫోన్ తెర మీద ఆ చుక్కను వేలితో ముట్టుకుని కూర్చుంది. అక్కడి నుంచి ఒక సన్నటి గీత వంకరలు తిరుగుతూ పోయి రోడ్డులో కలుస్తుంది. కొలిస్తే 41 కిలోమీటర్లు. ఎర్ర లైటు ఉందని చెప్పిన దిక్కున అసలు రోడ్డే లేదు.

మదద్‌లో పొద్దున్నే ఫిర్యాదు పెట్టాం, నంబరు వచ్చింది. రేపు శుక్రవారం, తమ్ముడు ప్రజాభవన్‌కు పోతున్నాడు. అప్పు సంగతి వదినే మాట్లాడింది. అన్న ఆ మెసేజ్‌కు జవాబు పెట్టలేదు. ఏడ్చి ఉంటాడు.

కాపరన్నా, ఒక్కటి అడగాలి. ట్యాంకర్ తోలేది బంగ్లాదేశ్ అతను అట, వారానికోసారి వస్తాడు, మంచివాడే అంటున్నాడు. అతనికి చెప్పొచ్చా?

మక్తల్ కాపరి:

చెప్పమను. కానీ "నన్ను తీసుకుపో" అని అడగొద్దను, దొరికితే అతని నోటికాడి కూడు పోతుంది. మూడు అడగమను. ఒక సిమ్ రీచార్జ్. ట్యాంకు ఎప్పుడూ నిండా నింపి పోవడం. ఒకవేళ ఏ వారమైనా తాను రాలేకపోతే సిగ్నల్ ఉన్న చోటి నుంచి మీ నంబరుకు ఒక మిస్డ్ కాల్. మీ నంబరు కాగితం మీద రాసి అతని చేతికిమ్మను.

ఇంకా, షెడ్డు రేకుల మీద గోనె సంచులు పరిచి సాయంత్రం పూట నీళ్లు చల్లమను, లోపల పడుకునేటట్టు ఉంటది. మధ్యాహ్నం పన్నెండు నుంచి నాలుగు దాకా గొర్లను కదపొద్దను. అవి కూడా కదలవు, తలలు ఒకదాని కడుపు కింద ఒకటి పెట్టుకుని నిలబడతయి. నేను రోజూ రాత్రి ఇక్కడ చూస్తుంటా. ఎంబసీ నుంచి ఏం వచ్చినా రాయి.

కోస్గి చెల్లె:

రాస్తా అన్నా. ట్యాంకర్ సోమవారం వస్తుందట.